భానుమతి కళాజీవితమున సంగీతము, దర్శకత్వము

చలనచిత్ర చరిత్రను వ్రాయువారు పాలువాయి భానుమతిని నటీమణిగను, గాయనిగను విపులముగా వర్ణించి, ఆమె దర్శకత్వమును, స్వరరచనను తుదకు ఒకటి రెండు వాక్యములతో ముగించుట పరిపాటి. ‘బహుముఖ ప్రజ్ఞ’ యను మాట ఇందుకు కొంతవరకు కారణము. ఆ మాట కళలను వరుసగా లెక్కించునే కాని వాని పరస్పర సంబంధమును తెలుపదు. ఆమె కళలకెల్ల మూలము సంగీతమనియు, వానిని స్వేచ్ఛగా ప్రయోగించుటకు ఆధారము సొంత నిర్మాణసంస్థ యనియు మా అభిప్రాయము.

భానుమతి 1925 సెప్టెంబరు 7వ తేదీన ఒంగోలు సమీపమున దొడ్డవరమను గ్రామమున జన్మించెను. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య సంగీతజ్ఞుడు. ఆమెకు సంగీతము నేర్పినవాడు ఆయనయే. నాడు దొడ్డవరము గుంటూరు జిల్లాలోనిది. మార్కాపురము, గిద్దలూరు కర్నూలు జిల్లాలోనివి. ఈ భాగములను, నెల్లూరు జిల్లాలోని కొన్ని తాలూకాలను కూర్చి 1970లో ఒంగోలు జిల్లా నేర్పరచిరి. 1972లో దానికి ప్రకాశము పేరు వచ్చినది. కావున 2025లో పడమటి తాలూకాలు ఆ జిల్లానుండి వేరుపడు వరకు అచటి విద్యార్థి ఆమెను తన జిల్లా కళాకారిణిగా చెప్పుకొనుట న్యాయమే యైయుండెను. ఆమె బాల్యమునకు ఆ జిల్లా పేరు తగిలించుట మాత్రము కాలదోషము.

సి. పుల్లయ్య దర్శకత్వమున 1939లో వెలువడిన ‘వరవిక్రయము’ ఆమె తొలి చిత్రము. నేపథ్యగానము స్థిరపడని ఆ దినములలో పాడగల నటికే ప్రధానపాత్ర సులభముగా దక్కెడిది. నటి వేరు, గాయని వేరు అను పద్ధతి ప్రబలిన తరువాతను భానుమతి తన పాత్రల పాటలను తానే పాడుట గమనింపదగినది. అభినయమును, గానమును ఆమె విడదీయనొల్లలేదు.

1943లో ఆమె పి. ఎస్. రామకృష్ణారావును వివాహమాడెను. ఆ దంపతులు తమ కుమారుని పేర భరణీ సంస్థను స్థాపించిరి. 1949 నాటి ‘లైలా మజ్నూ’ వంటి చిత్రములకు దర్శకుడు రామకృష్ణారావే. 1953లో ‘చండీరాణి’తో భానుమతి స్వయముగా దర్శకత్వమునకు పూనుకొని, తెలుగు చిత్రమునకు దర్శకత్వము వహించిన తొలి మహిళ యయ్యెను. ఆ చిత్రమును తెలుగు, తమిళము, హిందీ భాషలలో తీసిరి. ఇది కేవలము మాటల అనువాదము కాదు. సంభాషణలను, పాటలను ఆయా భాషల పెదవుల కదలికకు తగినట్లు మరల చిత్రింపవలసియుండును. అందు కవల సోదరీమణుల రెండు పాత్రలును ఆమెవే. సంగీతము కూర్చుచున్న సి. ఆర్. సుబ్బరామన్ 1952లో మరణింపగా ఎం. ఎస్. విశ్వనాథన్ ఆ పని పూర్తిచేసెను.

మరుసటి యేట, 1954లో, వెలువడిన ‘చక్రపాణి’ హాస్యచిత్రమునకు దర్శకుడు రామకృష్ణారావు, సంగీతము భానుమతిది. దర్శకుడే స్వరకర్త యగుటకు సత్యజిత్ రాయిని ఉదాహరింతురు. ఆయన తన చిత్రములకు తానే సంగీతము కూర్చుట 1961 నాటి ‘తీన్ కన్య’తో మొదలైనది. భానుమతి అంతకు ఏడేండ్ల ముందే స్వరకర్తగా నిలిచెను. అయితే ఆమె దర్శకత్వము ఒక చిత్రమునను, సంగీతము మరొక చిత్రమునను కానవచ్చుచున్నవి. ప్రశంసాతిశయమున ఈ భేదమును మరువరాదు. ఈ రెండును భరణీ చిత్రములగుటయే ముఖ్యము. సంస్థ తమదగుటచేతనే ఒక నటికి ఒక యేడు దర్శకస్థానము, మరుసటి యేడు స్వరకర్త స్థానము లభించినవి. పరుల సంస్థలలో నాటి నటీమణుల కిట్టి యవకాశము మృగ్యము.

తరువాత ఆమె ‘అంతా మన మంచికే’ (1972), ‘భక్త ధ్రువ మార్కండేయ’ (1982) చిత్రములకు దర్శకత్వము వహించెను; 1980 దశకమున మదరాసులోని తమిళనాడు ప్రభుత్వ సంగీత కళాశాలకు ప్రిన్సిపాలుగా పనిచేసెను. తండ్రివద్ద ఆరంభమైన విద్య ఇట్లు ఆచార్యత్వమున పరిణమించినది. 2005 డిసెంబరు 24న ఆమె చెన్నైలో దివంగతురాలయ్యెను.

భార్యాభర్తలు కలసి నడిపిన సంస్థ చరిత్రను ఒక్కరి పేరుమీద వ్రాసిన రెండవవారి కృషి మరుగుపడును. ప్రతి చిత్రమునకును దర్శకుడెవరు, స్వరకర్త యెవరు, నిర్మాత యెవరు అని వేరువేరుగా పరిశీలించి వ్రాసిననే భానుమతికి చరిత్రలో తగిన స్థానము లభించును. పొగడ్తకంటె ఈ పరిశీలనయే ఆమెకు నిజమైన గౌరవమని మేము తలంతుము.