మూతపడ్డ టాకీసుకు యాభై ఏండ్లు

తాళం పడ్డ టాకీసుకు స్వర్ణోత్సవమేమిటని కమిటీవాళ్లను అడిగాను. "మొదటి ఆట పడి యాభై ఏండ్లు గద సార్, ఆలేర్ల మీరు రాయకుంటె ఇంకెవరు రాస్తరు" అన్నారు. కాదనలేకపోయాను.

టాకీసు సేటును దగ్గరగా ఎరుగుదును. ధోవతి, భుజాన తువ్వాల, గేటు పక్కన ఇనుప కుర్చీ. కొలనుపాక, గుండాల దిక్కు నుంచి బండ్లు కట్టుకొని వచ్చినవాళ్లకు ఆట మొదలైనా టికెట్లిచ్చేవాడు. "సద్ది కట్టుకొని వచ్చిండ్రు, ఎట్ల పొమ్మంట?" అనేవాడు. ఘంటసాల 'నమో వేంకటేశ' రికార్డు మొదలైతే చాలు, నేల టికెట్ల వరుస కట్ట తెగినట్టే.

మిషను గదిలోకి నన్ను రానిచ్చేది ఆపరేటరు. రెండు మిషన్లు. తెర కుడిచేతి పైమూలన చుక్క మెరవగానే రెండోది అందుకోవాలి. కార్బన్ కడ్డీలు కాలి అరిగేకొద్దీ వాటి మధ్య ఎడం సరిచేస్తుండాలి, లేకుంటే హీరో మొఖం పచ్చబడుతుంది. రీలు తెగితే బ్లేడుతో గీకి, సిమెంటు రాసి, ఊది, వేళ్లతో అదిమి పట్టేవాడు. కింద ఈలలు, బూతులు. ఆయన చెయ్యి వణకగా నేను చూడలేదు. కాలగా మిగిలిన రాగిపూత కడ్డీ ముక్కలు మా జేబుల్లో.

తర్వాత టీవీ, వీడియో, దొంగ సీడీలు. ఎట్లనో ఈడ్చుకొచ్చారు.

అసలు దెబ్బ డిజిటల్. 2010 దాటినంక రీలు పెట్టెలు రావడం తగ్గి ఆగిపోయింది. కొత్త మిషను కావాలి, దానికి అద్దె కట్టాలి, జనంతో సగం కుర్చీలు కూడా నిండవు. కొత్త సినిమా చూడాలంటే పిల్లలు రైలెక్కి సికింద్రాబాద్ పోతున్నారు. 2020 మార్చిలో కరోనాకు వేసిన తాళం మళ్లీ తీయలేదు. మనదొక్కటే కాదు, 2024 మేలో రాష్ట్రంలో సింగిల్ స్క్రీన్ హాళ్లు జనం లేక కొన్నాళ్లు ఆటలాపుకున్నాయి. ఇప్పుడు మన టాకీసులో వడ్ల బస్తాలు.

కమిటీ చిట్టా ప్రకారం: ఈ స్వర్ణోత్సవ సంచికకు ప్రకటనలిచ్చిన కిరాణం, బట్టల, ఎరువుల దుకాణదార్లకు, గేటు కాసినవాళ్లకు, టికెట్లు చింపినవాళ్లకు, గోడలకు పోస్టర్లు అంటించినవాళ్లకు, రిక్షాలో మైకు పట్టుకొని ఊరూరు తిరిగినాయనకు, సోడా, పల్లీలమ్మినవాళ్లకు, సైకిల్ స్టాండు పిల్లలకు కృతజ్ఞతలు. హాలు ఊడ్చిన అవ్వ చిట్టాలో లేదు. నేనే కలిపాను.

ఆపరేటరు పేరు మాత్రం మొదటి వరుసలోనే ఉంది. శాలువా ముందే ఇచ్చిరమ్మని నన్ను పంపారు. మంచంలో లేచి కూర్చొని, నేను చెప్పిందంతా విన్నాడు.

"శాలువా మంచిగుంది. ఆఖరి ఆర్నెల్ల జీతం ముచ్చట ఏమన్న ఎత్తిండ్రా సార్?"

మంచం కోడు మీద శాలువా పెట్టి, వాళ్ల కోడలిచ్చిన ఛాయ్ తాగి వచ్చాను.