కొయ్యూరులో జరగని విచారణ

1924 మే 7, పొద్దున. మంప ఊరి దగ్గర కుంటలో స్నానం చేస్తున్న మన్యం విప్లవ వీరుడు అల్లూరి సీతారామరాజును పోలీసులు చుట్టుముట్టారు. కొయ్యూరుకు తీసుకొచ్చి, మేజర్ గుడాల్ ముందు నిలబెట్టారు. చెట్టుకు కట్టేశారు. కోర్టు లేదు, కేసు లేదు, వకీలు లేడు. తుపాకీ పేలింది. పారిపోబోతుంటే కాల్చామని సర్కారు రాసుకుంది. రాజుకు అప్పటికి 27 ఏళ్లు కూడా నిండలేదు.

1922 ఆగస్టు 22న చింతపల్లి ఠాణా, మరునాడు కృష్ణదేవిపేట, ఆ మరునాడు రాజవొమ్మంగి! మిరపకాయ టపా పంపి, వస్తున్నానని ముందుగా చెప్పి మరీ దాడి చేసేవాడని మన్యంలో ఇప్పటికీ కథలుగా చెప్పుకుంటారు. అంత నిక్కచ్చి మనిషికి చివర్లో నోరు విప్పే అవకాశమే దక్కలేదు. కొయ్యూరు కథలో నన్ను ఎక్కువగా బాధపెట్టేది ఆ తూటా కన్నా, తూటాకు ముందు జరగకుండా పోయిన విచారణే.

ఆ విచారణ యాభై ఏళ్లకు తెర మీద, ‘అల్లూరి సీతారామరాజు’ సినిమాలో జరిగింది. రాసింది త్రిపురనేని మహారథి, రాజు వేషంలో నిలబడి మాట్లాడింది హీరో కృష్ణ.

రాజు కథను సినిమాగా తీయాలని అంతకుముందే ఎన్.టి. రామారావు అనుకున్నారు. శోభన్‌బాబుతో తీయాలని నిర్మాత డి.ఎల్. నారాయణ కూడా అనుకున్నారు. రెండూ ముందుకు సాగలేదు. కృష్ణకు మాత్రం 1968లో ‘అసాధ్యుడు’లో కాసేపు రాజు వేషం కట్టినప్పటి నుంచీ ఆ పాత్ర మీద మనసుంది. ఆ సినిమా దర్శకుడు వి. రామచంద్రరావే. తన నూరో చిత్రానికి కృష్ణ ఆయన్నే పిలిచారు. ఆయన సొంత సంస్థ పద్మాలయా డబ్బు పెట్టింది. అంతకుముందు తెలుగులో ఎవరూ తీయని సినిమాస్కోప్‌కు దిగారు. కెమెరా వి.ఎస్.ఆర్. స్వామి. స్టూడియోలో కొండలు గీయించకుండా యూనిట్ అంతా చింతపల్లి మన్యానికి ఎక్కింది.

షూటింగ్ నడుస్తుండగానే రామచంద్రరావు జబ్బుపడ్డారు, కోలుకోలేదు. మిగిలిన సినిమాను కృష్ణే నడిపించారు, పోరాట ఘట్టాలు కె.ఎస్.ఆర్. దాస్ తీశారు. అయినా టైటిల్స్‌లో దర్శకుడిగా రామచంద్రరావు పేరు ఒక్కటే పడింది. పేరు కోసం కొట్టుకునే సినిమా లోకంలో ఇది మామూలు మర్యాద కాదు.

ఇక చివరి ఘట్టం. కాషాయం కట్టిన కృష్ణ ఒకవైపు, బ్రిటిష్ అధికారి రూథర్‌ఫర్డ్ వేషంలో జగ్గయ్య మరోవైపు. జగ్గయ్యది కంచుకంఠం, వాక్యం ఎక్కడ ఆపాలో, ఎక్కడ పెంచాలో తెలిసిన గొంతు. కృష్ణది గబగబా సాగే మాట. ఆ గొంతు ఎదుట ఈ గొంతు తేలిపోవాలి. తేలిపోలేదంటే అది మహారథి కలం బలం, కృష్ణ నమ్మకం. రాజు ప్రాణభిక్ష అడగడు. పాలకుడినే బోనెక్కించి ప్రశ్నలు వేస్తాడు. కొయ్యూరు చెట్టు కింద ఎవరూ విననిది హాలు నిండా జనం విన్నారు.

చరిత్ర ప్రకారం రాజును బలిగొన్నది గుడాల్. రూథర్‌ఫర్డ్ 1924 ఏప్రిల్లోనే మన్యానికి వచ్చిన స్పెషల్ కమిషనర్. మహారథి ఒక సామ్రాజ్యాన్ని ఒకే మొహంలో చూపించాలనుకుని రూథర్‌ఫర్డ్‌ను ఎదురుగా నిలబెట్టారు. నాటకంగా అది సరైన ఎంపికే. అయితే దాని మూల్యం కూడా చెప్పాలి. రెండు తరాల తెలుగువాళ్లకు రూథర్‌ఫర్డ్ తెలుసు, గుడాల్ తెలియదు. కృష్ణదేవిపేటలో రాజు సమాధి చూడడానికి వెళ్లే పిల్లలకు పెద్దవాళ్లు ఆ రెండో పేరు కూడా చెప్పాలి.

1974 మే 1న సినిమా విడుదలైంది, కొయ్యూరు ఘటనకు యాభై ఏళ్లు నిండడానికి ఆరు రోజుల ముందు. శ్రీశ్రీ రాసిన ‘తెలుగు వీర లేవరా’కు జాతీయ పురస్కారం వచ్చింది. ఆ తర్వాత జనం కృష్ణలో రాజునే చూశారు. ప్యాంటూ చొక్కా వేసుకుని వచ్చిన హీరోను ఒప్పుకోలేకపోయారు. వరసగా సినిమాలు పోయాయి. మళ్లీ గట్టి విజయం దక్కింది 1976లో, ‘పాడిపంటలు’తో. ఆ మధ్య కాలమంతా ఆయన ఖాళీగా కూర్చోలేదు, సినిమా మీద సినిమా చేస్తూనే పోయారు.