లెక్కకు రాని ఏళ్ళు

కర్ణాటక ప్రైవేటు కళాశాలల్లో అధ్యాపకులను మూడు నెలలకు నియమించి, ఒకటి రెండు రోజుల విరామమిచ్చి, మళ్ళీ తీసుకునేవారు. 1992లో సుప్రీంకోర్టు ఈ పద్ధతిని తప్పుపట్టింది. మూడేళ్ళు పనిచేసినవారిని తొలగించరాదని, ఖాళీలు ఏర్పడినకొద్దీ విలీనం చేసుకోవాలని ఆదేశించింది.

2006 ఏప్రిల్ 10న ఉమాదేవి కేసులో రాజ్యాంగ ధర్మాసనం ఆ దారిని దాదాపు మూసివేసింది. బహిరంగ పోటీ లేని నియామకానికి క్రమబద్ధీకరణ హక్కు లేదన్నది. మంజూరైన పోస్టుల్లో పదేళ్ళు నిండిన అర్హులకు ఒక్కసారి మినహాయింపునిచ్చింది. అయితే ఆ పదేళ్ళు కోర్టు ఉత్తర్వుల అండతో గడిచినవి కారాదు. అంటే, తొలగింపుపై స్టే తెచ్చుకుని పాఠాలు చెప్పినవారి ఏళ్ళు లెక్కకు రావు. న్యాయం కోరినందుకు ఇదొక విచిత్రమైన మూల్యం!

నాటినుంచి ప్రభుత్వాలకు, విశ్వవిద్యాలయాలకు ఈ తీర్పే కవచం. శాశ్వత ఖాళీలను సక్రమ నియామకాలతో భర్తీ చేయాలన్న అందులోని మాట మాత్రం వారికి అంతగా గుర్తుకు రాదు.