మానసిక జబ్బుతో సైన్యం నుంచి వచ్చేసిన వారికి వైకల్య పింఛను: ఎక్కడ ఆగుతుంది, ఏం చేయాలి?

మీ ఇంటి మనిషిని స్కిజోఫ్రీనియానో, బైపోలార్ డిజార్డరో ఉందని సైన్యం నుంచి పంపేశారా? పింఛను కోసం ఉయ్యూరులోని సచివాలయంలో అడిగితే మీకు చెప్పేది ఎన్టీఆర్ భరోసా గురించి. అది రాష్ట్ర పథకం, దానికి సదరం ధ్రువపత్రంలో కనీసం 40 శాతం వైకల్యం ఉండాలి. మాజీ సైనికుల వైకల్య పింఛను పూర్తిగా వేరు. దాన్ని ఇచ్చేది రక్షణ శాఖ. 20 శాతం వైకల్యం ఉన్నా చాలు. ఆ శాతాన్ని నిర్ణయించేది సర్వీసు నుంచి పంపేటప్పుడు పరీక్షించే సైనిక మెడికల్ బోర్డు.

ఇందులో సర్వీసు భాగం, వైకల్య భాగం అని రెండుంటాయి. నూరు శాతం వైకల్యానికి ఆఖరి జీతంలో 30 శాతం వైకల్య భాగంగా వస్తుంది. జబ్బు వల్ల సర్వీసు మధ్యలో పంపేస్తే శాతాన్ని పైకి సవరిస్తారు. బోర్డు 40 అని రాస్తే 50గా లెక్కిస్తారు, అంటే జీతంలో 15 శాతం.

చాలా కేసులు ఆగేది శాతం దగ్గర కాదు. జబ్బు సర్వీసు వల్ల వచ్చిందా, సర్వీసు వల్ల ముదిరిందా అన్న ప్రశ్న దగ్గర. మానసిక జబ్బుల విషయంలో బోర్డులు రెండింటికీ ‘కాదు’ అని రాసి, అది శరీర తత్వం వల్ల వచ్చిందని తేల్చేయడం కోర్టు కేసుల్లో తరచూ కనిపిస్తుంది. కాలు పోతే ఎక్కడ పోయిందో చూపించవచ్చు. మనసు ఏ పోస్టింగులో దెబ్బతిందో ఇంట్లోవాళ్లు ఎలా చూపిస్తారు?

చూపించాల్సింది మీరు కాదని సుప్రీంకోర్టు 2013లో ధరమ్‌వీర్ సింగ్ కేసులో చెప్పింది. చేరినప్పుడు రికార్డుల్లో జబ్బు ప్రస్తావన లేకపోతే ఆరోగ్యంగా చేరినట్లే. తర్వాత వచ్చిన జబ్బుకు సర్వీసుతో సంబంధం లేదని ప్రభుత్వమే నిరూపించాలి. అయితే 2019లో నర్సింగ్ యాదవ్ కేసులో ఇదే కోర్టు స్కిజోఫ్రీనియా బాధితుడికి పింఛను నిరాకరించింది. కొన్ని మానసిక జబ్బులు చేరేటప్పటి పరీక్షల్లో బయటపడవనీ, బోర్డు అభిప్రాయానికి విలువ ఇవ్వాలనీ అంది. మళ్లీ 2025 మే 7న రాజుమోన్ కేసులో, అదీ స్కిజోఫ్రీనియాయే, బోర్డు కారణాలు రాయలేదు కాబట్టి పింఛను ఇవ్వాల్సిందేనని తీర్పు చెప్పింది. కాబట్టి గెలుపు ఖాయమని ఎవరైనా చెబితే నమ్మకండి. పైగా ఇవన్నీ పాత నిబంధనల మీద వచ్చిన తీర్పులు. 2023 సెప్టెంబరు 21 నుంచి కొత్త అర్హత నిబంధనలు అమల్లోకి వచ్చాయి.

ముందు మెడికల్ బోర్డు ప్రొసీడింగ్స్ నకలు సంపాదించండి. ఇంట్లో లేకపోతే ఆయన పనిచేసిన దళం రికార్డ్ ఆఫీసుకు రాయండి, స్పందన లేకపోతే ఆర్టీఐ వేయండి. అందులో ‘కాదు’ అన్న మాట పక్కన కారణం రాశారా, లేదా ఖాళీగా వదిలేశారా చూడండి. అప్పీలు బలమంతా అక్కడే ఉంటుంది.

తిరస్కరణ ఉత్తరం అందిన 6 నెలల్లో మొదటి అప్పీలు, అదీ కాదంటే రెండో అప్పీలు, ఆ తర్వాత సాయుధ దళాల ట్రైబ్యునల్. ఆంధ్రప్రదేశ్ చెన్నై ధర్మాసనం పరిధిలో ఉంది. దరఖాస్తుల విషయంలో జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం సాయం చేస్తుంది. ఏళ్లు గడిచాయని వదిలేయకండి, ఆలస్యానికి కారణం చెప్పి కేసు వేయవచ్చు. కాకపోతే బకాయిలు సాధారణంగా కేసు వేయడానికి ముందు 3 ఏళ్లకే వస్తాయి. అందుకే ఆగిన ప్రతి నెలా నష్టమే.

ఈలోగా మందులు ఆపనివ్వకండి, చికిత్స చీటీలు పారేయకండి. ఇబ్బంది ఎక్కువైతే టెలీ మానస్ 14416కు ఉచితంగా ఫోన్ చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు.