దినకూలీని ‘రేపటి నుంచి రావద్దు’ అంటే?

కర్నూలు, కడప కార్పొరేషన్లలో నీటి సరఫరా పనికి ఏళ్లుగా దినకూలీగా వెళ్తున్నారా? ఉన్నట్టుండి రావద్దంటే కంగారు పడొద్దు. కోర్టుకెళ్తే అధికారులు సాధారణంగా 2006 నాటి ఉమాదేవి తీర్పు చూపిస్తారు. అది పర్మినెంట్ చేయడం గురించి. ఆ దారి మన రాష్ట్రంలో మరీ ఇరుకు: 1994 నాటి జీవో 212 ప్రకారం 1993 నవంబర్ 25కే ఐదేళ్ల సర్వీసు నిండాలి.

తొలగింపు లెక్క వేరు. ఏడాదిలో 240 రోజులు పనిచేసిన కార్మికుడికి నెల నోటీసు లేదా ఆ నెల జీతం, సర్వీసులో ప్రతి ఏడాదికి 15 రోజుల వేతనం ఇవ్వాలి. వేతనంతో కూడిన ఆదివారాలు, సెలవులూ ఆ 240లోకి వస్తాయి.

చిక్కల్లా రుజువుతోనే. అన్ని రోజులు చేశామని చూపాల్సింది కార్మికుడేనని సుప్రీంకోర్టు 2002లో చెప్పింది. మస్టరేమో ఆఫీసు బీరువాలో ఉంటుంది! హాజరు పేజీల ఫొటోలు, బ్యాంకు ఎంట్రీలు ఇప్పుడే దాచుకోండి. తీసేస్తే ముందు కార్మిక శాఖకు రాతపూర్వకంగా ఫిర్యాదు చేయండి, రెండేళ్లు దాటనివ్వొద్దు. గెలిచినా పని బదులు పరిహారమే దక్కవచ్చు.