తొలి తెలుగు టాకీ నాయిక సురభి కమలాబాయి

పాత సినిమా నటీమణుల పేర్లు చెప్పమంటే మా ఇండ్లలో పెద్దవాళ్ళు సావిత్రి, భానుమతి, అంజలీదేవి అంటారు. వీళ్ళందరికన్నా ముందే తెర మీద తెలుగు మాట్లాడిన నాయిక ఒకామె ఉన్నారు. ఆమే సురభి కమలాబాయి. ఆమె పేరు చానామందికి తెలియదు. అందుకే ఈ వ్యాసం రాస్తున్నాను.

సురభి అనేది కడప ప్రాంతంలోని ఒక పల్లె. మన చింతామణి నుండి మదనపల్లి, రాయచోటి మీదుగా పోతే ఆ ప్రాంతం వస్తుంది. 1885లో వనారస గోవిందరావు గారు అక్కడ కీచకవధ నాటకం ఆడించారు. అప్పటినుండి ఆ ఊరి పేరే వాళ్ళ నాటక సమాజానికి నిలిచిపోయింది. వాళ్ళ పూర్వీకులు మరాఠీవాళ్ళు. తోలుబొమ్మలాట ఆడుతూ తెలుగు నేలకు వచ్చి స్థిరపడ్డారు. ఆ కాలంలో చాలా నాటకాల్లో ఆడవేషాలు మగవాళ్ళే కట్టేవారు. సురభిలో మాత్రం ఇంటి ఆడవాళ్ళు, పిల్లలు కూడా వేషాలు కట్టారు.

ఇలాంటి కుటుంబంలో 1907లో కమలాబాయి పుట్టారు. తల్లి దమయంతి వేషంలో ఉండగా నొప్పులు వచ్చి, రంగస్థలం మీదనే ఆమెను కన్నదని చెప్పుకుంటారు. కమలాబాయి చిన్నప్పటినుండి నాటకాల్లో పాడుతూ, ఆడుతూ పెరిగారు.

1931లో మన దేశపు మొదటి టాకీ ఆలం ఆరా వచ్చింది. తరువాత హెచ్.ఎం. రెడ్డి గారు బొంబాయిలో భక్త ప్రహ్లాద తీశారు. అది పూర్తిగా తెలుగులో తీసిన మొదటి టాకీ. 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలో విడుదలైంది. అందులో ప్రహ్లాదుని తల్లి లీలావతి కమలాబాయే. అప్పట్లో నేపథ్య గానం లేదు. నటించేవాళ్ళే కెమెరా ముందు నిలబడి పాడాలి. మైకుకు అందేలా మాట స్పష్టంగా పలకాలి. ఆ పని నాటకాలవాళ్ళకే బాగా చేతనవును. అదే సంవత్సరం ఆమె పాదుకా పట్టాభిషేకంలో సీతగా, శకుంతలలో శకుంతలగా నటించారు. తరువాత బొంబాయిలోనే కొన్నేండ్లు ఉండి హిందీ సినిమాల్లో కూడా నటించారు.

బాధ కలిగించే విషయం ఏమిటంటే, భక్త ప్రహ్లాద సినిమా ఇప్పుడు చూద్దామన్నా దొరకదు. దాని ప్రతి మిగలలేదు. అయితే 1951లో వచ్చిన పాతాళ భైరవి మనం చూడవచ్చు. అందులో తోటరాముడి తల్లి కమలాబాయే. ఆ సినిమా ఎన్నోసార్లు చూసినవాళ్ళు కూడా ఆ తల్లి మొదటి నాయిక అని గుర్తుపట్టరు. ఆమె 1971లో చనిపోయారు.

కర్ణాటకలో ఉండి తెలుగు ఎందుకు చదవాలని మనల్ని కొందరు అడుగుతుంటారు. మరాఠీ కుటుంబంలో పుట్టిన ఒకామె తెర మీద తెలుగుకు మొదటి గొంతు ఇచ్చారు. భాష దాన్ని నేర్చుకొని చక్కగా పలికినవాళ్ళది అని నాకు ఆమె జీవితం వల్ల అర్థమైంది. ఈసారి పాతాళ భైరవి చూసేటప్పుడు ఆ తల్లి మాటలు ఒకసారి శ్రద్ధగా వినండి.