నష్టం లెక్క కట్టేవారికి లైసెన్సు ఎప్పుడు వచ్చింది?

గోదావరి జిల్లాల్లో సర్వేయరు అనగానే మన తరంవారికి గుర్తొచ్చేది గొలుసు లాగించుకుంటూ పొలం గట్ల మీద నడిచే రెవెన్యూ ఉద్యోగి. వరద తీశాక, తుపాను శాంతించాక ఊళ్లోకి వచ్చి కూలిన ఇళ్లూ, పడిపోయిన కొబ్బరిచెట్లూ, చనిపోయిన పశువులూ రాసుకుని వెళ్లేవారిని కూడా సర్వే వాళ్లనే అంటాం. బీమా నష్టం చూడడానికి వచ్చే సర్వేయరు ఈ ఇద్దరిలో ఎవరూ కారు. ఆయన ప్రభుత్వోద్యోగి కాదు. సాధారణంగా కంపెనీ జీతగాడూ కాదు. చట్టప్రకారం లైసెన్సు పొంది, తన సంతకానికి తానే జవాబుదారీగా ఉండే వృత్తిదారుడు. జనరల్ ఇన్సూరెన్సులో క్లెయిముల సెక్షనులో చాలాకాలం పనిచేసి రిటైరైనవాణ్ని కనుక, ఈ లైసెన్సు ఎలా పుట్టిందో మన సభ్యుల కోసం, వారి పిల్లల కోసం రాసిపెట్టడం మంచిదనిపించింది.

రేవుల కాలం

మన తీరంలో సరుకు నష్టాల కథ రేవులతో మొదలవుతుంది. కోరంగి ఒకప్పుడు ఓడలు కట్టిన, ఓడలు బాగుచేసిన రేవు. 1789లోనూ, 1839 నవంబరులోనూ వచ్చిన ఉప్పెనలు దాన్ని చావుదెబ్బ కొట్టాయి. తర్వాత వ్యాపారం కాకినాడ వైపు మళ్లింది. సముద్రం మీద పోయే సరుకుకు బీమా ఇచ్చేవాడు లండనులోనో కలకత్తాలోనో ఉంటాడు. తడిసిన బస్తాలేమో రేవులో ఉంటాయి. పోయినదెంతో వ్యాపారి చెబితే బీమాదారు నమ్మడు. బీమాదారు గుమాస్తా చెబితే వ్యాపారి నమ్మడు. అందుకని ఇద్దరికీ కాని మూడోమనిషి కావలసి వచ్చాడు. లండనులోని లాయిడ్స్ సంస్థ 1811లోనే ప్రపంచంలోని రేవుల్లో తన ఏజెంట్లను పెట్టుకోవడం మొదలుపెట్టింది. ఓడకో సరుకుకో నష్టం జరిగితే కబురు పంపడం, సర్వే చేయించడం వారి పని.

మనదేశంలో మొదటి జనరల్ ఇన్సూరెన్సు కంపెనీగా చెప్పుకునే ట్రిటన్ 1850లో కలకత్తాలో పుట్టింది. మన ఆంధ్రదేశంలో డాక్టర్ భోగరాజు పట్టాభి సీతారామయ్యగారు మచిలీపట్నంలో 1923లో ఆంధ్రా బ్యాంకును, 1925లో ఆంధ్రా ఇన్సూరెన్సు కంపెనీని స్థాపించారు. బీమా ఇలా మన ముంగిట్లోకి వచ్చింది. నష్టం లెక్క కట్టేవారి సంగతి మాత్రం ఎవరి పూచీ కిందా లేదు. 1938 నాటి ఇన్సూరెన్సు చట్టం పాలసీ అమ్మే ఏజెంటుకు లైసెన్సు ఉండాలంది. పాలసీ డబ్బు ఎంత రావాలో తేల్చే మనిషికి అటువంటి షరతు పెట్టలేదు. అమ్మేవాడికి కాగితం కావాలి, తూకం వేసేవాడికి అక్కరలేదు. ఈ వింత మరో ముప్ఫై ఏళ్లు సాగింది.

1968 సవరణ

ఆ లోటును పూడ్చింది 1968లో పార్లమెంటు చేసిన సవరణ. అది 1969లో అమలులోకి వచ్చింది. చట్టంలో 64 యు.ఎం. అనే కొత్త సెక్షను చేరింది. ఏడాది గడువు దాటాక ఇన్సూరెన్స్ కంట్రోలర్ ఇచ్చే లైసెన్సు లేకుండా ఎవరూ సర్వేయరుగా గాని, లాస్ అసెసరుగా గాని పనిచేయరాదన్నది. 1968 అక్టోబరు నాటికే ఆ వృత్తిలో ఉన్నవారికి, ఇంజనీరింగు పట్టభద్రులకు, చార్టర్డ్ అకౌంటెంట్లకు, కాస్ట్ అకౌంటెంట్లకు, బీమాలో డిప్లొమా ఉన్నవారికి అర్హత కల్పించింది. లైసెన్సు అయిదేళ్లకు. నష్టం ఇరవై వేల రూపాయలో అంతకు మించో ఉంటే, లైసెన్సుదారుడి రిపోర్టు లేకుండా కంపెనీ ఆ క్లెయిము చెల్లించకూడదు.

ఆ సెక్షనులోనే మరో రెండు మాటలున్నాయి. అనుమానం వస్తే కంట్రోలరు వేరొక సర్వేయరు చేత స్వతంత్రంగా రిపోర్టు తెప్పించవచ్చు. సర్వేయరు తేల్చిన మొత్తానికే కంపెనీ కట్టుబడి ఉండనక్కరలేదు, వేరే మొత్తం కూడా చెల్లించవచ్చు. అంటే సర్వేయరు జడ్జి కాదు. ఆయన సాక్షి. లైసెన్సు ఉన్న సాక్షి, తప్పు రాస్తే లైసెన్సు పోగొట్టుకునే సాక్షి. ఈ చట్టం మనబోటివారికి చేసిన మేలంతా ఆ చివరి మాటలోనే ఉంది.

1973 జనవరి 1 నుంచి 107 బీమా సంస్థలు కలిసి నేషనల్, న్యూ ఇండియా, ఓరియంటల్, యునైటెడ్ ఇండియా అనే నాలుగు ప్రభుత్వ కంపెనీలయ్యాయి. లైసెన్సు పద్ధతి మాత్రం అలాగే నిలిచింది.

వరద తీసిన తర్వాత

1986 ఆగస్టు వరద మనలో ఎవరూ మరచిపోలేదు. ధవళేశ్వరం దగ్గర దాదాపు 35 లక్షల క్యూసెక్కుల నీరు దిగువకు పోయింది. పదేళ్లకు, 1996 నవంబరు 6 రాత్రి, తుపాను కోనసీమను ఊడ్చేసింది. వెయ్యిమందికి పైగా చనిపోయారు. కొబ్బరితోటలు వరసలు వరసలుగా నేలకూలాయి. ఇటువంటప్పుడు క్లెయిములు ఒక్కసారిగా వందల్లో వస్తాయి. ఉన్న సర్వేయర్లు చాలరు. పొరుగు జిల్లాల నుంచి పిలిపిస్తారు. ఊరివాళ్లకు వారి ముఖం తెలియదు. మోసగాడికి కావలసింది సరిగ్గా అదే.

తుపాను తర్వాత నేను చూసిన ఒక ఫైలు చెబుతాను. డెల్టాలో ఒక చిన్న రైస్‌మిల్లు. గోడౌనులో ధాన్యం తడిసింది. కంపెనీ పంపిన సర్వేయరు వెళ్లేసరికి యజమాని, "నిన్ననే వచ్చి చూసుకుని వెళ్లారు కదండీ, ఖర్చుల కింద డబ్బు కూడా ఇచ్చాను" అన్నారు. ముందురోజు వచ్చినవాడు ఎవరో ఎవరికీ తెలియదు. చంకలో ఫైలు, చేతిలో టేపు, నోట్లో కంపెనీ పేరు ఉంటే చాలు, నమ్మేశారు. వాడు పట్టుకెళ్లిన సొమ్ము కన్నా వాడి మాట చేసిన నష్టం పెద్దది. తడిసిన బస్తాలను వెంటనే పారబోయమన్నాడట. అసలు సర్వేయరు కొలిచి చూడడానికి సరుకే మిగల్లేదు. తూకం చీటీలు, కొనుగోలు పుస్తకాలు తిరగేసి చివరికి కొంత ఇప్పించగలిగాం. పూర్తిగా కాదు.

సర్వేయరు రాసే అంకె మీద ఎంత ఆధారపడి ఉంటుందో ఒక లెక్కతో చెబుతాను. రెండు లక్షల విలువైన సరుకుకు యజమాని లక్షకే బీమా చేశాడనుకోండి. లక్ష విలువైన సరుకు కాలిపోయింది. చాలామంది లక్షా వస్తుందనుకుంటారు. యావరేజి క్లాజు ప్రకారం వచ్చేది యాభై వేలే, ఎందుకంటే సగం విలువకే బీమా ఉంది. ఇక భవనమో యంత్రమో అయితే వాడుకకు తరుగు తీస్తారు. మిగిలిన తుక్కు విలువ తగ్గిస్తారు. నష్టం జరిగేనాటికి మొత్తం సరుకు విలువెంత, కాలిందెంత, తరుగెంత, తుక్కెంత, ఈ నాలుగూ తేల్చేది ఆ ఒక్క మనిషే. ఆయన అర్హుడా కాదా అన్న ప్రశ్న లాంఛనం కాదు.

ఒక సంగతి రైతు కుటుంబాలవారు గుర్తుంచుకోవాలి. 1985లో మొదలైన సమగ్ర పంటల బీమా, 1999 నాటి జాతీయ వ్యవసాయ బీమా ముఖ్యంగా ప్రాంతాన్ని యూనిట్‌గా తీసుకుని, పంటకోత ప్రయోగాల దిగుబడిని బట్టి లెక్కవేసిన పథకాలు. వాటిలో సర్వేయరు ఒక్కొక్క చేనుకూ వచ్చే పద్ధతి కాదు. ఇల్లు, దుకాణం, గోడౌను, వాహనం, సరుకు, ఇవీ ఆయన పని.

హైదరాబాదుకు వచ్చిన అధికారం

మల్హోత్రా కమిటీ 1994లో ఇచ్చిన నివేదిక తర్వాత 1999లో ఐ.ఆర్.డి.ఎ. చట్టం వచ్చింది. కంట్రోలరు చేతిలోని లైసెన్సుల పని 2000 నుంచి ఆ సంస్థకు వెళ్లింది. మరుసటి ఏడాది దాని కేంద్ర కార్యాలయం ఢిల్లీ నుంచి హైదరాబాదుకు మారింది. సర్వేయర్ల అర్హతలు, శిక్షణ, ప్రవర్తనా నియమావళి మీద 2000లో ప్రత్యేక నిబంధనలు వచ్చాయి. సర్వేయర్ల సొంత సంస్థ, హైదరాబాదు కేంద్రంగానే, 2005లో ఏర్పడింది. లైసెన్సు గంపగుత్తగా అన్నిటికీ కాదు. అగ్ని, ఓడ సరుకు, ఓడ, ఇంజనీరింగు, మోటారు, ఇలా విభాగాల వారీగా ఉంటుంది. మోటారు విభాగానికే లైసెన్సు ఉన్నవారు కాలిపోయిన దుకాణం లెక్క కట్టడం చెల్లదు.

2002లో పాలసీదారుల రక్షణకు వచ్చిన నిబంధనలు సర్వేయరు తన నియామకం నుంచి 30 రోజుల్లో రిపోర్టు ఇవ్వాలన్నాయి. పాలసీదారు కోరితే రిపోర్టు కాపీ అతనికీ ఇవ్వాలన్నాయి. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో ఆ రిపోర్టును పాలసీదారుకు చూపడమంటే ఆఫీసు రహస్యం బయటపెట్టినట్టే భావించేవారు. 2015 నిబంధనలు తప్పనిసరి సర్వే పరిమితిని మోటారుకు 50 వేలుగా, మిగతావాటికి లక్షగా మార్చాయి. లైసెన్సు గడువును మూడేళ్లు చేశాయి. ఇటువంటి అంకెలు మారుతూ ఉంటాయి గనుక అవసరం పడినప్పుడు కంపెనీని అడిగి తెలుసుకోవాలి.

సుప్రీంకోర్టు 2009లో రెండు తీర్పుల్లో ఈ వృత్తికి హద్దులు గీసింది. ప్రదీప్ కుమార్ కేసులో, సర్వేయరు రిపోర్టు ముఖ్యమైన ఆధారమే గాని తిరుగులేని తుదిమాట కాదన్నది. శ్రీ వెంకటేశ్వర సిండికేట్ కేసులో, తనకు నచ్చిన రిపోర్టు వచ్చేదాకా కంపెనీ ఒకరి తర్వాత ఒకరిని సర్వేయర్లను వేస్తూ పోకూడదన్నది.

మన పిల్లలు ఉన్నచోట

మనలో చాలామంది పిల్లలు అమెరికాలో ఉన్నారు. అక్కడ లైసెన్సు ఇచ్చేది రాష్ట్ర ప్రభుత్వాలు. తరచూ తుపానులు వచ్చే టెక్సాస్, ఫ్లోరిడా వంటిచోట్ల అడ్జస్టరుకు లైసెన్సు తప్పనిసరి. పేరుతో వెతికి చూసుకునే వీలు రాష్ట్ర బీమా శాఖలే కల్పిస్తాయి. పాలసీదారు తరఫున బేరమాడే పబ్లిక్ అడ్జస్టరు కూడా అక్కడ ఉంటాడు, తన వంతు ఫీజు అతను పాలసీదారు దగ్గరే తీసుకుంటాడు. ఇంగ్లండులోనూ కంపెనీ వేసే అడ్జస్టరు వేరు, పాలసీదారు పెట్టుకునే అసెసరు వేరు. మన చట్టంలో సర్వేయరు, లాస్ అసెసరు ఒకరే. ఆయన ఫీజు కంపెనీ ఇస్తుంది. ఈ తేడా తెలియక అక్కడి అలవాటు ఇక్కడికి తెచ్చి డబ్బు ఇచ్చుకునే ప్రమాదం ఉంది.

ఇంటికి వచ్చినప్పుడు

చరిత్ర ఇంత చెప్పింది అయిదు మాటల కోసం. ఒకటి, వచ్చినవారి పేరు, లైసెన్సు నంబరు, గడువు తేదీ, విభాగం రాసుకోండి. రెండు, కంపెనీ ఆయన్ను నియమించిన ఉత్తరం గాని కబురు గాని చూపమనండి. మూడు, కంపెనీకి ఫోను చేసి అడగండి. పాలసీ మీద ఉన్న నంబరుకే చేయండి, వచ్చినాయన ఇచ్చిన నంబరుకు కాదు. ఐ.ఆర్.డి.ఎ.ఐ. వెబ్‌సైటులో లైసెన్సు వివరాలు చూసిపెట్టమని మనవళ్లకు చెప్పండి. నాలుగు, ఫీజని, ఖర్చులని, బత్తా అని ఒక్క రూపాయి ఇవ్వకండి. అయిదు, ఆయన చూసేదాకా పాడైన సామాను కదల్చకండి. తప్పనిసరై కదిలిస్తే ముందుగా ఫొటోలు తీసి, కంపెనీకి తెలియజేయండి.

"అడిగితే ఏమనుకుంటారోనండీ" అనే మొహమాటం మన ప్రాంతంలో ఎక్కువ. ఇంటికి వచ్చినవారికి మంచినీళ్లు ఇచ్చాకే మాట మొదలుపెడతాం. మంచినీళ్లు ఇవ్వండి, మర్యాద చేయండి, లైసెన్సూ అడగండి. నిజమైన సర్వేయరు ఎవరూ దానికి కోపగించుకోవడం నా సర్వీసులో చూడలేదు. పైగా పని సులువవుతుందని సంతోషించినవారే ఎక్కువ. రిపోర్టు అన్యాయంగా ఉందనిపిస్తే కంపెనీకి రాతపూర్వకంగా ఫిర్యాదు చేయండి. అక్కడ పని జరగకపోతే 1998 నుంచి ఉన్న ఇన్సూరెన్స్ అంబుడ్స్‌మన్ దగ్గరకు గాని, వినియోగదారుల కమిషన్‌కు గాని వెళ్లవచ్చు.

పింఛను కాగితాలు పెట్టుకునే పెట్టెలోనే ఇంటి పాలసీ, దుకాణం పాలసీ కూడా పెట్టుకుని, అవి ఎక్కడున్నాయో ఇంట్లో మరొకరికి కూడా చెప్పి ఉంచండి. వాన కురిసే రాత్రి వెతుక్కునే అవసరం ఏ సభ్యుడికీ రాకూడదని కోరుకుంటూ సెలవు.